వ్యాఖ్యాత లేని తెర: విట్టోరియో డి సెటా సినిమాలు

విట్టోరియో డి సెటా 1923 అక్టోబర్ 15న సిసిలీ ద్వీపంలోని పలెర్మో నగరంలో, పాతకాలపు కులీన కుటుంబంలో పుట్టాడు. రెండో ప్రపంచయుద్ధ కాలంలో నౌకాదళంలో ఉండగా జర్మన్లకు పట్టుబడి బందీ అయ్యాడు. యుద్ధం ముగిశాక రోమ్‌లో వాస్తుశిల్పం చదవడం మొదలుపెట్టి మధ్యలో వదిలేశాడు. ఫ్రెంచి దర్శకుడు జాన్ పాల్ ల షనువా దగ్గర కొద్దికాలం సహాయకుడిగా చేశాడు. ఆ తర్వాత ఏ స్టూడియో గడపా తొక్కకుండా, 1954లో సొంత డబ్బుతో కెమెరా భుజాన వేసుకుని సిసిలీ తీరానికి వెళ్ళాడు. అప్పటికి ఆయన వయసు ముప్పై దాటింది. విట్టోరియో అనే పేరు వినగానే తెలుగునాట ఫిల్మ్ సొసైటీల ప్రేక్షకులకు 'బైసికిల్ థీవ్స్' తీసిన డి సికా గుర్తుకొస్తాడు. డి సెటా వేరు. పేదల జీవితాన్ని వీధుల్లోకి వెళ్ళి చిత్రించాలన్న నియోరియలిస్టుల పట్టుదల ఆయనలోనూ ఉంది గాని, స్క్రిప్టునూ నటులనూ పెద్ద బృందాన్నీ పక్కన పెట్టడంలో ఆయన వాళ్ళకన్నా చాలా దూరం వెళ్ళాడు.

1950లలో ఇటలీలో లఘు డాక్యుమెంటరీలకు కొదవ లేదు. సినిమా హాళ్ళలో పెద్ద సినిమాకు ముందు వేసే పది నిమిషాల చిత్రానికి ప్రభుత్వ చట్టం ప్రకారం ఆర్థిక ప్రోత్సాహం దొరికేది. ఆ సొమ్ముకోసం చకచకా తీసి పంపే సంస్థలు పుట్టుకొచ్చాయి. వాటి పద్ధతి ఒకటే. ఎక్కడో నాలుగు దృశ్యాలు తీసుకురావడం, వాటిమీద గంభీరమైన గొంతుతో వ్యాఖ్యానం చదివించడం, వెనక వాద్యబృందం సంగీతం పెట్టడం. తెరమీది రైతు ఏం చేస్తున్నాడో, ఎందుకు చేస్తున్నాడో, దాన్ని చూసి ప్రేక్షకుడు ఏమనుకోవాలో అన్నీ ఆ గొంతే చెప్పేది. రైతు గొంతు మాత్రం వినిపించేది కాదు.

డి సెటా ఆ గొంతును తీసేశాడు. సినిమా మొదట్లో ఊరిపేరు, కాలం, చేస్తున్న పని చెప్పే రాతపలకలు రెండు మూడు వేసి ఊరుకున్నాడు. వ్యాఖ్యానం ఉన్నచోట ఇప్పుడు మనుషుల కేకలు, పాటలు, తెడ్ల చప్పుడు, గాలి హోరు ఉన్నాయి. ఆ రోజుల్లో బొమ్మనూ శబ్దాన్నీ కలిపి తీసే పరికరాలు పడవల మీదికి, గనుల్లోకి మోసుకుపోగలిగినంత తేలిగ్గా లేవు. అందుకని బొమ్మ విడిగా తీసేవాడు, శబ్దాన్ని టేపు రికార్డరు మీద విడిగా పట్టేవాడు, రెండింటినీ ఎడిటింగ్ బల్ల దగ్గర జతచేసేవాడు. కెమెరా, ఎడిటింగ్, నిర్మాణం చాలావరకు తానే చూసుకున్నాడు. భార్య వేరా గెరార్దూచ్చి చాలా పనుల్లో తోడుంది. వీటిలో చాలా వాటికి కలర్ ఫిల్మ్ వాడాడు, కొన్నిటికి సినిమాస్కోప్ చట్రం కూడా. పేదల బతుకును నలుపుతెలుపుల్లోనే చూపాలన్న అలవాటు బలంగా ఉన్న రోజుల్లో, జాలరి చొక్కా రంగునూ గంధకపు పసుపునూ వెడల్పాటి తెరమీద చూపడం సాహసమే. ఆ రంగుల వల్ల బీదరికం అందంగా మారిపోయిందనే విమర్శ రావచ్చు. కానీ సినిమాలు చూస్తే ఆ విమర్శ నిలవదు. ఆ మనుషుల మీద జాలి పుట్టించాలనే తొందర వాటిలో ఎక్కడా లేదు. వాళ్ళ నేర్పు మీద గౌరవం మాత్రం అడుగడుగునా కనబడుతుంది.

ఆ పద్ధతి ఎలా పనిచేస్తుందో 1954లో తీసిన 'లు తెంపు ది లి పిషి స్పాతా', అంటే 'కత్తిచేపల కాలం', చూస్తే తెలుస్తుంది. సిసిలీకి, ఇటలీ ప్రధాన భూభాగానికి నడుమ మెస్సీనా జలసంధి ఉంది. వసంతం నుంచి వేసవి దాకా కత్తిచేపలు ఆ దారిన వస్తాయి. జాలరులు రెండు రకాల పడవలతో వేటకు దిగుతారు. ఒకదానిలో ఎత్తైన స్తంభం ఉంటుంది. దాని కొసన ఒక మనిషి ఎండలో నిలబడి నీళ్ళలోకి చూస్తుంటాడు. రెండోది సన్నటి, చురుకైన పడవ. దానిలో తెడ్లు వేసేవాళ్ళు, ముందు కొసన తాడు కట్టిన ఈటెతో ఒక వేటగాడు ఉంటారు.

సినిమాలో చాలాసేపు ఏమీ జరగదు. సముద్రం నిశ్చలంగా ఉంటుంది. ఎవరో కునుకు తీస్తుంటారు, ఎవరో సన్నగా పాట తీస్తారు. ఉన్నట్టుండి స్తంభం మీంచి కేక. నీళ్ళలో నీడ కదిలింది. ఆ కేక వెంట కేక, ఎటు తిరగాలో చెబుతూ వస్తూనే ఉంటుంది. కింది పడవలో తెడ్లు వేగం అందుకుంటాయి. కేకల లయా తెడ్ల లయా కలిసి బిగుసుకుంటాయి. ఎడిటింగ్ కూడా అదే లయలో దృశ్యాలను కురచ చేసుకుంటూ పోతుంది. ఈటె పడుతుంది, తాడు జరజరా సాగిపోతుంది, చేప అలిసేదాకా మనుషులు తాడు వదులుతూ లాగుతూ ఉంటారు. వేట ముగిసి పడవలు ఒడ్డుకు చేరితే ఊళ్ళో పాటలు, ఆటలు. సినిమా మొత్తం దాదాపు పది నిమిషాలే. ఎవరూ ఏదీ వివరించకుండానే, ఈ పనిలో ఎవరి బాధ్యత ఏమిటో, ఎక్కడ ప్రాణం బిగబట్టాలో ప్రేక్షకుడికి తెలిసిపోతుంది. స్తంభం మీది మనిషి కేకే ఇక్కడ వ్యాఖ్యానం. దాన్ని బయటివాడి గొంతుతో కప్పకపోవడమే డి సెటా చేసిన పని.

అదే ఏడాది స్ట్రోంబోలి అగ్నిపర్వతం చుట్టూ బతికే జనాన్ని గురించి 'ఇజోలె ది ఫువోకొ' తీశాడు. దానికి 1955 కాన్ చిత్రోత్సవంలో డాక్యుమెంటరీ బహుమతి వచ్చింది. 1955లోనే వరసగా మరికొన్ని వచ్చాయి. 'సుర్ఫరారా' గంధకపు గని కార్మికుల గురించి. 'కొంతదీని దెల్ మారె' ట్యూనా చేపల సామూహిక వేట గురించి. వలల గదిలోకి చేపలను మళ్ళించి, పాట పాడుతూ వలను పైకి లాగే ఆ వేటలో నీళ్ళు ఎర్రబడటం రంగుల్లో చూడటం తేలిక కాదు. డి సెటా చూపు మరల్చుకోలేదు. 'పాస్క్వా ఇన్ సిచీలియా' ఈస్టర్ ఊరేగింపులను చూపుతుంది. 'పరాబొలా దోరో' గోధుమ కోతల సినిమా. కళ్ళంలో కంచరగాడిదలను గుండ్రంగా తిప్పి పనలు తొక్కించడం, గాలివాటం చూసుకుని తూర్పారబట్టడం అందులో ఉంటాయి. ఆ దృశ్యాలు కళ్ళం పనులు ఎరిగిన తెలుగు పల్లెవాసికి ఏ అనువాదమూ లేకుండా అర్థమవుతాయి. 1958లో మరపడవల మీది జాలరుల గురించి 'పెస్కెరెచ్చి', సార్డీనియా ద్వీపపు గొర్రెల కాపరుల గురించి 'పస్తోరి ది ఒర్గోసొలో', కాపరులు మందలవెంట పోయాక ఊళ్ళో మిగిలే ఆడవాళ్ళ దినచర్య గురించి 'ఉన్ జోర్నో ఇన్ బార్బాజా' తీశాడు.

పది లఘుచిత్రాల్లో చివరిది 1959 నాటి 'ఇ దిమెంతికాతి', మరుగునపడినవాళ్ళు అని అర్థం. కలాబ్రియా ప్రాంతంలో పొల్లీనో కొండల మీద అలెస్సాండ్రియా దెల్ కారెత్తో అనే ఊరుంది. అప్పటికి ఆ ఊరికి మోటారు బండి వెళ్ళే దారి లేదు. సరుకులు కంచరగాడిదల మీద, మనుషుల నెత్తిన కొండెక్కాల్సిందే. సినిమా ఆ నడకతోనే మొదలవుతుంది. తర్వాత ఊరి పండుగ వస్తుంది. అడవిలో పెద్ద దేవదారు జాతి చెట్టును కొట్టి, ఊరంతా తాళ్ళు పట్టి, తోలుతిత్తి వాద్యాలు ఊదుతూ కిందికి లాక్కొస్తారు. ఊరి మధ్య నిలబెట్టి, కొసన బహుమతులు వేలాడదీస్తే కుర్రాళ్ళు పోటీపడి ఎక్కుతారు. ప్రభుత్వం రోడ్డు వేయలేదన్న ఫిర్యాదును డి సెటా మాటల్లో పెట్టలేదు. ఆ మానును అంత దూరం చేతులతో లాగగల జనం దారి లేక ఎంత శ్రమను రోజూ పోగొట్టుకుంటున్నారో చూసినవాళ్ళకే అర్థమవుతుంది. ఆ కాలపు రాజకీయ డాక్యుమెంటరీల్లో ఇంత బలమైనవి తక్కువ.

ఈ పది సినిమాలూ తీసేనాటికే అవి చూపిన పనులు వెనకబడుతున్నాయి. పడవలకు మోటార్లు వస్తున్నాయి, పొలాల్లోకి యంత్రాలు వస్తున్నాయి, దక్షిణ ఇటలీ యువకులు ఉత్తరాది ఫ్యాక్టరీలకూ జర్మనీ గనులకూ రైళ్ళెక్కుతున్నారు. తర్వాతి కాలంలో ఈ లఘుచిత్రాల సంపుటికి 'కోల్పోయిన ప్రపంచం' అనే అర్థం వచ్చే పేరు పెట్టారు. కానీ తీసేటప్పుడు డి సెటా కళ్ళముందున్నది ఇంకా నడుస్తున్న పని. సినిమాల్లో బెంగ కనబడకపోవడానికి కారణం అదే.

సార్డీనియాలో లఘుచిత్రాలు తీస్తున్నప్పుడు కలిసిన కాపరుల జీవితం ఆయన్ని పూర్తి నిడివి కథాచిత్రం వైపు నడిపించింది. ఒర్గోసొలో అనే కొండ ఊరికి బందిపోట్ల ఊరన్న పేరు దేశమంతటా ఉంది. ఆ ఊరి మీద ఫ్రాంకో కన్యెత్తా 1954లో రాసిన సుదీర్ఘ పరిశోధన వ్యాసం అప్పటికే సంచలనం రేపింది. పత్రికలకు అక్కడి మనిషి నేరస్థుడు. డి సెటా ఆ నేరం ఎలా తయారవుతుందో చూడదలిచాడు. 1961లో వచ్చిన 'బందీతి ఆ ఒర్గోసొలో' కథ చాలా చిన్నది. మికేలె అనే కాపరి కొట్టం దగ్గరికి పందులు దొంగిలించినవాళ్ళు వచ్చి తలదాచుకుంటారు. వాళ్ళకూ పోలీసులకూ కాల్పులు జరిగి ఒక పోలీసు చనిపోతాడు. అనుమానం మికేలె మీద పడుతుంది. న్యాయస్థానానికి వెళ్ళి తన మాట నమ్మించుకోగలననే ఆశ అతనికి లేదు. మంద అప్పుతో కొన్నది. పట్టుబడితే మందా పోతుంది, అప్పూ మిగులుతుంది. తమ్ముణ్ణి వెంటబెట్టుకుని గొర్రెలను తోలుకుంటూ కొండల్లోకి పారిపోతాడు.

సినిమాలో సగభాగం ఆ పరుగే. రాళ్ళ నేల, నీళ్ళు లేవు, గడ్డి లేదు. గొర్రెలు నడవలేక ఒక్కొక్కటే కూలబడతాయి. డి సెటా ఇక్కడ తొందరపడడు. ఒక కాపరికి గొర్రె పడిపోవడమంటే ఎంత నష్టమో తెలిసేదాకా చూపు నిలుపుతాడు. అంతా పోయాక మికేలె తుపాకి పట్టుకుని మరో కాపరి మందను దోచుకుంటాడు. ఆ రెండో కాపరి పరిస్థితి నిన్నటి మికేలె పరిస్థితే. మంచివాడు చెడిపోయిన కథగా దీన్ని చెప్పడం సులభం. డి సెటా లెక్క చూపించాడు: అప్పు, మంద, చట్టం మీద అపనమ్మకం, కొండ. ఇవి నాలుగూ కలిస్తే బందిపోటు తయారవుతాడు.

మికేలెగా నటించిన మికేలె కోస్సు, తమ్ముడిగా నటించిన పెప్పెద్దు కుక్కు ఇద్దరూ అక్కడి వాళ్ళే. కెమెరా పని డి సెటాదే. బృందం అతిచిన్నది. అందులో లుచానో తోవోలి అనే యువకుడున్నాడు. తర్వాతి కాలంలో ఆంటోనియోని 'పాసెంజర్', డారియో అర్జెంటో 'సుస్పీరియా' చిత్రాలకు ఛాయాగ్రాహకుడైన తోవోలి ఇతనే. వెనిస్ చిత్రోత్సవంలో ఈ సినిమాకు తొలిచిత్ర బహుమతి లభించింది. పసోలినీ 'అక్కత్తోనె', ఎర్మాన్నో ఓల్మి 'ఇల్ పోస్తో' కూడా అదే ఏడాదివి. ఇటాలియన్ సినిమాలో వేర్వేరు దారులు తొక్కిన ముగ్గురు ఒకే ఏడాది ఇలా కనబడటం గమనించదగ్గది.

ఈ సినిమాలో ఒక లోటు ఉంది. కాపరులు మాట్లాడే సార్డీనియా భాష తెరమీద వినిపించదు. ఇటలీ పరిశ్రమ ఆచారం ప్రకారం మాటలన్నీ తర్వాత ఇటాలియన్‌లో డబ్ చేశారు. లఘుచిత్రాల్లో ప్రతి కేకనూ అది పుట్టిన యాసలోనే నిలబెట్టిన దర్శకుడి మొదటి పెద్ద సినిమాలో మనుషుల నోట వేరే గొంతులు పలుకుతాయి. సినిమా శక్తి ముఖాల్లో, నడకలో, కొండల్లో ఉంది కాబట్టి అది తట్టుకుని నిలబడింది.

తర్వాత వచ్చిన 'ఉన్ ఉవోమో ఆ మెతా' (సగం మనిషి, 1966) విమర్శకులను తికమకపెట్టింది. ఇందులో కాపరులు లేరు, జాలరులు లేరు. మానసికంగా కుంగిపోయిన ఒక రచయిత జ్ఞాపకాల్లోకి, అపరాధ భావంలోకి దిగిపోయే కథ ఇది. డి సెటా స్వయంగా మానసిక సంక్షోభం ఎదుర్కొని, యూంగ్ సంప్రదాయానికి చెందిన మనోవిశ్లేషకుడు ఎర్న్‌స్ట్ బెర్న్‌హార్డ్ సహాయం తీసుకున్నాడు. దర్శకుడు ఫెల్లీనీ కూడా ఆ విశ్లేషకుడి దగ్గరికే వెళ్ళాడు. ప్రధాన పాత్ర పోషించిన ఫ్రెంచి నటుడు జాక్ పెరాన్‌కు వెనిస్‌లో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. సంగీతం ఎన్నియో మోరికోనెది. అయినా శ్రామికుల దర్శకుడు తనలోకి తాను ముడుచుకుపోయాడని వామపక్ష విమర్శకులు తప్పుపట్టారు. ఆ తీర్పు అన్యాయం. ఒకసారి సమాజం గురించి తీసినవాడు ఎప్పటికీ అదే తీయాలని పట్టుబట్టడం కళాకారుణ్ణి జీతగాడిగా చూడటమే. ఆ దెబ్బ డి సెటాకు గట్టిగానే తగిలింది. 1969లో ఫ్రాన్స్‌లో మిషెల్ పికోలి, జోవానా షిమ్‌కస్‌లతో 'లిన్విటాటా' తీశాడు. నేర్పుగా తీసినదే గాని ఆయన సినిమాల్లో అంతగా గుర్తుండేది కాదు.

డి సెటాను మళ్ళీ జనంలోకి తెచ్చింది టెలివిజన్. ఇటలీ ప్రభుత్వ ప్రసార సంస్థ రాయ్ కోసం నాలుగు భాగాలుగా తీసిన 'దియారియో ది ఉన్ మాయెస్త్రో', ఒక బడిపంతులు డైరీ, 1973లో ప్రసారమైంది. దీనికి మూలం ఉపాధ్యాయుడు అల్బీనో బెర్నార్దీని తన అనుభవాల మీద రాసిన పుస్తకం. రోమ్ శివార్లలో పేదల కాలనీలోని బడికి ఒక కొత్త పంతులు వస్తాడు. తరగతిలో మిగిలినవాళ్ళు తప్పిన పిల్లలు, బడి మానేసి వీధుల్లో తిరిగే పిల్లలు. పంతులుగా బ్రూనో చిరీనో అనే నటుడు చేశాడు. పిల్లలు మాత్రం అక్కడి కాలనీ పిల్లలే.

డి సెటా ఇక్కడ చేసిన ప్రయోగం చిన్నది కాదు. పిల్లలకు డైలాగులు రాసివ్వలేదు. తరగతి గదిలో నిజంగానే పాఠాలు జరిగాయి, కెమెరాలు వాటిని పట్టుకున్నాయి. కథ జరిగే వరసలోనే చిత్రీకరణ సాగింది. నటుడు నెమ్మదిగా నిజమైన పంతులైపోయాడు, పిల్లలు నటిస్తున్నామన్న సంగతి మరిచిపోయారు. పాఠ్యపుస్తకాన్ని పక్కన పెట్టి, పిల్లలకు తెలిసిన విషయాల నుంచే చదువు మొదలవుతుంది. వాళ్ళు ఇరుగుపొరుగు పెద్దల్ని ప్రశ్నలడిగి రాసుకొస్తారు. దొంగతనం గురించి, పని గురించి, ఇళ్ళ గురించి తరగతిలో చర్చలు జరుగుతాయి. మొదట్లో నోరు విప్పని కుర్రాడు తర్వాత తన ఇంటి సంగతి సొంత యాసలో చెబుతుంటే, గది మొత్తం వింటుంది. పై అధికారులకు ఈ పద్ధతి నచ్చదు. ఇరవై ఏళ్ళ కిందట పడవల మీద వ్యాఖ్యాత గొంతును తీసేసి జాలరి గొంతును వినిపించిన పనే ఇది. బడిలో ఆ వ్యాఖ్యాత స్థానంలో పాఠ్యపుస్తకం ఉంది. అంతే తేడా. ఇటలీలో ఉపాధ్యాయ శిక్షణలో, విద్యా సంస్కరణల చర్చల్లో ఈ చిత్రం ప్రస్తావన ఇప్పటికీ వస్తుంది. 1979లో ఆయన అదే దారిలో, దేశంలో కొత్త పద్ధతుల్లో చదువు చెబుతున్న నిజమైన ఉపాధ్యాయుల గురించి 'క్వాండో లా స్కువోలా కాంబియా' అనే డాక్యుమెంటరీ వరస తీశాడు.

ఆ తర్వాత పనులు పలచబడ్డాయి. 1980లో 'లా సిచీలియా రివిజితాతా'లో తాను పాతికేళ్ళ కిందట తీసిన చోట్లకు తిరిగివెళ్ళి ఏమి మిగిలిందో చూశాడు. కలాబ్రియాలో సెల్లియా మరీనా అనే చోట కుటుంబానికి చెందిన భూమి ఉంది. అక్కడ స్థిరపడి చాలా ఏళ్ళు వ్యవసాయం చూసుకున్నాడు. సొంత డబ్బుతో సొంతంగా తీసేవాడికి పరిశ్రమలో అండ ఉండదు. ఎవరికీ జవాబు చెప్పనక్కర్లేని స్వేచ్ఛే ఆయన లఘుచిత్రాలకు ప్రాణం పోసింది. ఆ స్వేచ్ఛ ఖరీదే ఈ సుదీర్ఘ విరామం. 1993లో 'ఇన్ కలాబ్రియా' వచ్చింది. ఒకవైపు ఇంకా మిగిలిన కాపరులు, బొగ్గు కాల్చేవాళ్ళు. మరోవైపు అభివృద్ధి పేరిట కట్టి, పని మొదలవకుండానే మూలపడ్డ ఫ్యాక్టరీలు. ఈ చిత్రంలో వ్యాఖ్యానం ఉంది. జీవితమంతా దాన్ని దూరం పెట్టినవాడు డెబ్బై ఏళ్ళ వయసులో ఎందుకు ఆశ్రయించాడో సినిమా చూస్తే తెలుస్తుంది. తుప్పుపట్టిన ఫ్యాక్టరీ దగ్గర పాట లేదు, కేక లేదు. వినిపించడానికి అక్కడ ఎవరూ లేరు.

ఆఖరి పూర్తి నిడివి చిత్రం 'లెత్తెరె దల్ సహారా' (సహారా ఉత్తరాలు) 2006లో వెనిస్‌లో పోటీకి వెలుపల ప్రదర్శితమైంది. అప్పటికి డి సెటాకు ఎనభై మూడేళ్ళు రావస్తున్నాయి. సెనెగల్ నుంచి బయలుదేరిన అస్సానె అనే యువకుడు లాంపెదూసా ద్వీపపు ఒడ్డుకు చేరి, దక్షిణాది నుంచి ఫ్లోరెన్స్, ట్యూరిన్ దాకా పనికోసం ఇటలీ పొడవునా ప్రయాణిస్తాడు. ఒకప్పుడు సిసిలీ, కలాబ్రియా కుర్రాళ్ళు బతుకుతెరువు కోసం ఉత్తరాదికి పోయిన దారే ఇది. జాతి ద్వేషంతో కొందరు దాడి చేశాక అతను స్వగ్రామానికి తిరిగివెళతాడు. అక్కడ పాత గురువు అడిగితే జరిగినదంతా ఊరివాళ్ళకు చెబుతాడు. తక్కువ ఖర్చుతో, డిజిటల్ కెమెరాతో తీసిన ఈ సినిమాలో అతుకులు కనబడతాయి. కొన్ని ఇటాలియన్ పాత్రలు ఉపన్యాసాల్లా మాట్లాడతాయి. కానీ సెనెగల్ గ్రామంలో జనం కూర్చుని వినే భాగం డి సెటా మాత్రమే తీయగలిగినది. మధ్యధరా సముద్రం మీద వలసల గురించి యూరప్ సినిమాలు పెద్ద సంఖ్యలో రాకముందే, వలసవచ్చినవాడి నోటితో కథ చెప్పించిన చిత్రం ఇది.

2000 తర్వాత పాత లఘుచిత్రాలకు కొత్త ప్రేక్షకులు దొరికారు. సిసిలీ మూలాలున్న అమెరికన్ దర్శకుడు మార్టిన్ స్కోర్సేసి వాటి గురించి పదేపదే మాట్లాడి న్యూయార్క్‌లో ప్రదర్శనకు తోడ్పడ్డాడు. బొలోన్యా నగరంలోని ఫిల్మ్ ఆర్కైవ్ వాటి పాత ప్రింట్లను శుద్ధి చేయించింది, రంగులు మళ్ళీ పదునెక్కాయి. డి సెటా 2011 నవంబర్ 28న సెల్లియా మరీనాలో, 88 ఏళ్ళ వయసులో కన్నుమూశాడు. ఆయన సినిమాలు కొత్తగా చూడబోయేవారు 'కత్తిచేపల కాలం'తో, 'ఇ దిమెంతికాతి'తో మొదలుపెట్టడం మంచిది. రెండూ కలిపినా దాదాపు అరగంటే, ఉపశీర్షికల అవసరమూ పెద్దగా పడదు. ఆ తర్వాత 'బందీతి ఆ ఒర్గోసొలో' చూడాలి. బడిలో పనిచేసేవారెవరైనా ఉంటే, వీలు చేసుకుని 'ఒక బడిపంతులు డైరీ' నాలుగు భాగాలూ చూడాలి.